నిమిషానికో లెక్క, గంటన్నరకో లెక్క

ఎనిమిదో తరగతి పిల్లలు రాసే ఎన్‌ఎంఎంఎస్ స్కాలర్‌షిప్ పరీక్షలో ప్రశ్నలు 180, నిమిషాలూ 180. రీజనింగ్ 90, పాఠాల్లోంచి 90. అంటే ప్రశ్నకో నిమిషం. ఆరో తరగతి నవోదయ ప్రవేశ పరీక్షలో 80 ప్రశ్నలకు 2 గంటలు, అంటే ఒకటిన్నర నిమిషం. గణిత ఒలింపియాడ్‌కు తొలిమెట్టు ఐఓక్యూఎంలో 30 లెక్కలకు 3 గంటలు, ఒక్కోదానికి ఆరు నిమిషాలు. చిట్టచివరి మెట్టు అంతర్జాతీయ ఒలింపియాడ్‌లో రోజుకు మూడు లెక్కలు, నాలుగున్నర గంటలు, అలా రెండు రోజులు. లెక్కకు గంటన్నర!

“మావాణ్ణి మ్యాథ్స్ టెస్టుకు తయారు చెయ్యాలండీ” అనేవాళ్లు ముందు చూసుకోవాల్సింది ఈ నిమిషాలే. నిమిషం పరీక్షకు చూడగానే పోల్చుకునే కన్ను కావాలి. గంటన్నర పరీక్షకు ఏమీ తోచకపోయినా లేవకుండా కూర్చునే ఓపిక కావాలి. మొదటిదానికి పాత ప్రశ్నపత్రాలు చాలు. రెండోదానికి ఏ కోచింగూ షార్ట్‌కట్ చెప్పలేదు.

అమలాపురం పక్కన బండారులంక చేనేతకు పేరున్న ఊరు. అలాంటి ఊళ్లో పిల్లలకు అన్నిటికన్నా దగ్గరిది ఎన్‌ఎంఎంఎస్. కేంద్రం 2008లో మొదలుపెట్టింది. ప్రభుత్వ, జిల్లా పరిషత్, మునిసిపల్, ఎయిడెడ్ బడుల పిల్లలకే. ఏడో తరగతిలో 55 శాతం మార్కులుండాలి, ఎస్సీ, ఎస్టీలకు 50 చాలు. ఇంటి ఆదాయం ఏడాదికి మూడున్నర లక్షలు దాటకూడదు. ఎంపికైతే తొమ్మిది నుంచి ఇంటర్ రెండో ఏడాది దాకా ఏటా 12,000 చొప్పున మొత్తం 48,000. కార్పొరేట్ బడుల పిల్లలు ఈ పోటీలోకి రానే రారు. ఆ సంగతి తెలియక దరఖాస్తే పెట్టనివాళ్లు ఉంటారంటే ఉసూరుమనిపిస్తుంది.

మగ్గం ఉన్న ఇంటి పిల్లలకు విలోమానుపాతం వేరే నేర్పక్కర్లేదు. నూలుకు నంబరు పెరిగేకొద్దీ పోగు సన్నబడుతుంది. ఒక పౌను బరువులో 840 గజాల చిలపలు ఎన్ని తూగితే అదే కౌంటు. 80 నంబరు నూలు పౌనుకు 67,200 గజాలు వస్తే, 100 నంబరు నూలు అదే బరువుకు 84,000 గజాలు వస్తుంది. “నంబరు పెద్దదైతే దారం లావా, సన్నమా?” అని పట్నం పిల్లల్ని అడిగి చూడండి, తడబడతారు.

మగ్గం మీద డిజైను నేయడానికి వాడే జకార్డు అట్టల్లో చిల్లి ఉన్నచోట కొక్కెం లేస్తుంది, లేనిచోట లేవదు. ఉందా లేదా, రెండే మాటలు. ఎనిమిది చోట్లుంటే 256 రకాలుగా చిల్లులు పొడవొచ్చు. ఫ్రాన్సులో 1804 నాటి ఈ అట్టల ఉపాయాన్నే చార్లెస్ బాబేజ్ తన గణన యంత్రానికి అరువు తెచ్చుకున్నాడు.

నవోదయ పరీక్షలో రీజనింగ్ ప్రశ్నలు 40, అన్నీ బొమ్మలే. అద్దంలో బొమ్మ, మిగతావాటితో కలవని బొమ్మ, కాగితం మడిచి చిల్లి పొడిచి విప్పితే ఎలా ఉంటుందో చెప్పే బొమ్మ. చాలామంది ఈ చివరిదాన్ని పుస్తకంలో చూపించి బట్టీ పట్టిస్తారు. దానికన్నా పాత నోటుబుక్కులోంచి కాగితం చించి పిల్లకే ఇవ్వండి. రెండు మడతలు పెట్టి ఒక్క చిల్లి పొడిస్తే, విప్పేసరికి నాలుగు. మూడు మడతలైతే ఎనిమిది. మడతను అంటుకుని పొడిస్తే మాత్రం ఈ లెక్క తప్పుతుంది, ఎందుకు తప్పిందో పిల్లే చెప్పాలి. అద్దం ప్రశ్నకు చీర చాలు. రెండంచుల మీద ఒకే హంస ఎదురెదురుగా తిరిగి ఉంటే, ఒకటి రెండోదానికి ప్రతిబింబమే. ఉమ్మడి తూర్పుగోదావరి నవోదయ విద్యాలయం పెద్దాపురంలో ఉంది. ఇక్కడ ముప్పాతిక వంతు సీట్లు, తక్కువలో తక్కువ, పల్లె పిల్లలవే.

ఇక ధనుర్మాసపు ముగ్గు. సందు చుక్క, 11 నుంచి 6 వరకు. నడిమి వరసలో 11 చుక్కలు, పైకీ కిందికీ పది, తొమ్మిది, ఎనిమిది, ఏడు, ఆరు. మొత్తం ఎన్ని? కూడితే 91. 7 నుంచి 4 వరకు పెడితే 37. 9 నుంచి 5 వరకైతే 61. ఇప్పుడు చూడండి: 37 అంటే 64లోంచి 27 తీసేస్తే మిగిలేది, అంటే 4 ఘనం మైనస్ 3 ఘనం. 61 అంటే 125 మైనస్ 64. 91 అంటే 216 మైనస్ 125. ముగ్గులో ఘనాలెక్కడివి? చిన్న చిన్న దిమ్మలను ఆరు పొడవు, ఆరు వెడల్పు, ఆరు ఎత్తు పేర్చి, ఆ పెట్టెను ఒక మూలకు ఎదురుగా నిలబడి చూస్తే మూడు ముఖాలు కనిపిస్తాయి. కనిపించే దిమ్మలు 91. వెనక దాగినవి సరిగ్గా ఐదు ఘనం. ఆ చూపులో పెట్టె అంచు ఆరు పలకలుగా, అచ్చం ముగ్గులాగే ఉంటుంది. పిల్లలకు జవాబు చెప్పెయ్యకండి. వారం పట్టినా పట్టనివ్వండి, గంటన్నర పరీక్షకు తయారీ అంటే అదే.

నవోదయ, ఎన్‌ఎంఎంఎస్‌లలో తప్పు జవాబుకు మార్కు కోత లేదు. నాలుగు ఆప్షన్లున్నప్పుడు ఖాళీ వదలడం తెలివితక్కువ. ఐఓక్యూఎంలో ఆప్షన్లే ఉండవు. జవాబు రెండంకెలు దాటని సంఖ్య, గుడ్డిగా పెడితే తగిలేది నూటికి ఒక్కసారి.

1894లో హంగేరీలో మొదలైన ఈట్వష్ పోటీ ఒలింపియాడ్ తరహా పోటీల్లో పాతది. లెక్కలు మూడే. పిల్లలు పుస్తకాలు దగ్గర పెట్టుకుని రాయొచ్చు! పుస్తకంలో దొరకని లెక్క ఇస్తే కాపీ భయమెందుకు?

‘వేద గణితం’ పుస్తకం రాసిన భారతీకృష్ణ తీర్థ సన్యాసం తీసుకోకముందు, 1908 ప్రాంతంలో, రాజమహేంద్రవరం నేషనల్ కాలేజీకి ప్రిన్సిపాల్‌గా పనిచేశారు. పుస్తకం ఆయన పోయాక 1965లో వచ్చింది. ఆ సూత్రాలు వేదాల్లో కనబడవని పండితులు తేల్చారు. నిమిషం పరీక్షలో గుణకారాలకు పనికొస్తాయి. ఒలింపియాడ్‌లో చూసేది గుణకారాల వేగం కాదు కాబట్టి అక్కడ వాటితో పెద్దగా పనిలేదు.

అమెరికాలో మన పిల్లలు మ్యాథ్ బీలు, స్పెల్లింగ్ బీలు రాసే నార్త్ సౌత్ ఫౌండేషన్‌ను 1989లో స్థాపించింది తెలుగువారైన రత్నం చిట్టూరి. అక్కడి పోటీల రుసుములు ఇక్కడి పేద విద్యార్థుల స్కాలర్‌షిప్పులకు సాయపడతాయి.

లెక్కను పద్యంలో చెప్పడం మనకు కొత్త కాదు. మహావీరాచార్యుడి సంస్కృత గణిత గ్రంథాన్ని పావులూరి మల్లన పద్యాల్లో తెలుగు చేసి సుమారు వెయ్యేళ్లవుతోంది. చదరంగం బల్ల మీద మొదటి గడిలో ఒక గింజ, తర్వాత గడికల్లా రెట్టింపు చొప్పున 64 గళ్లూ నింపితే మొత్తం ఎన్ని గింజలో చెప్పే పాత తెలుగు పద్యం ఒకటుంది. అంకెల పేర్లు దాదాపు వాడదు. చంద్రుడంటే 1, వేదాలంటే 4, ఆకాశమంటే 0. ఇప్పటి కోడింగ్-డీకోడింగ్ ప్రశ్నలకు ముత్తాత అన్నమాట. పైగా ఒకట్ల స్థానం నుంచి ఎడమకు చదువుకుపోవాలి. విప్పితే 20 అంకెల సంఖ్య వస్తుంది: 18446744073709551615. ఇది సరైనదేనా? అంత గుణకారం చేయక్కర్లేదు, చివరి అంకె వరకైతే నోటితో సరిచూడొచ్చు. రెండును రెట్టిస్తూ పోతే చివరి అంకెలు 2, 4, 8, 6 అనే వరసలో తిరుగుతుంటాయి. 64ను నాలుగు నిశ్శేషంగా భాగిస్తుంది కాబట్టి 6 దగ్గర ఆగుతుంది. మొత్తం గింజలు దానికి ఒకటి తక్కువ, అంటే 5. పద్యం మొదలయ్యేది శరంతోనే, మన్మథుడికి శరాలు ఐదు.