కుందేలు మేత – కూరాకుల శుద్ధి



మా యర్రగొండపాలెము నల్లమల యడవి యంచున నున్న యూరు. ఇచ్చట కుందేలనగనే అడవిలోని చెవులపిల్లి స్ఫురించును. నేను చెప్పబోవునది దానిని గూర్చి కాదు. దానిని పట్టుటయు, పెంచుటయు 1972వ సంవత్సరపు వన్యప్రాణి సంరక్షణ చట్టము ననుసరించి నేరము. పిల్లలు ముచ్చటపడి యింట పెంచుకొనునది ఐరోపా జాతినుండి వచ్చిన సీమకుందేలు.

నా మనుమనికి అట్టిదాని నొకదానిని తెచ్చియిచ్చితిని. ఒకనాడు ప్రత్తిచేని గట్టున లేతగా నెదిగిన తోటకూర కోసి, కడుగకయే బుట్టెడు దాని ముందు వేసితిని. ఆ చేనికి రెండు దినముల క్రిందట పురుగుమందు కొట్టిరని నాకు తెలిసియు జ్ఞప్తికి రాలేదు. తెల్లవారునప్పటికి దాని పొట్ట యుబ్బెను. సాయంకాలమునకు ప్రాణము పోయెను. మందు చంపెనో, మితిమీరిన పచ్చిమేత చంపెనో చెప్పజాలను. రెండు తప్పులును నావే.

కుక్కయు పిల్లియు గిట్టనిదానిని కక్కివేయును. కుందేలు వాంతి చేసికొనజాలదు. దాని కడుపులో సంచివంటి పెద్ద ప్రేగు కలదు. అందలి సూక్ష్మజీవులే గడ్డిని జీర్ణింపజేయును. మేత హఠాత్తుగా మారినచో వాని పని చెడి, వాయువు పుట్టి, పొట్ట యుబ్బును. జొన్న నాము మేసిన పశువు గతి మీరెరుగనిది కాదు; పచ్చనిదెల్ల మేత కాదు.

కావున మందు కొట్టిన చేల గట్లనుండి ఆకు కోయరాదు. కడుగుటవలన పైమురికి పోవునే కాని, ఆకులోని కింకిన మందు పోదు. పెరటిలో పెంచిన కూర మేలు. పండుటాకును, క్రుళ్లినదానిని, కుప్పలో వేడెక్కినదానిని ఏరివేయవలెను. మిగిలినదానిని మూడుమార్లు నీరు మార్చి జాడించి, గుడ్డపై నీడను పరచి, తడి యారిన పిమ్మట పెట్టవలెను. సబ్బు తగిలింపరాదు.

ఎండిన పచ్చికయు గరికయు దాని ముఖ్యాహారము. కూరాకు కిలో బరువునకు దినమున కొక పిడికెడు చాలును. కొత్తిమీర, పుదీన, ముల్లంగియాకు మార్చి మార్చి పెట్టవచ్చును. తోటకూర నిత్యము పనికిరాదు. క్యారెట్టు తీపి గనుక వ్రేలికొనంత ముక్క చాలును. క్రొత్త ఆకును మొదట ఒక్కటి పెట్టి, ఒక దినము చూడవలెను. ఉల్లి, వెల్లుల్లి, బంగాళాదుంప, టమాటా యాకు పెట్టరాదు. గన్నేరు, ఉమ్మెత్త, ఆముదపు ఆకులు విషములు. తినక మిగిలిన కూరను సాయంకాలమునకు తీసివేయవలెను. కుందేలు పూట మేత ముట్టక, పెంటికలు వేయక యుండినచో నాటువైద్యములతో కాలము గడపక పశువైద్యునికడకు కొనిపోవలెను.

ఇప్పుడు మా యింట మరియొక కుందేలు కలదు. నేను ఆకుల తట్టతో లోనికి రాగానే మనుమడు "తాతా, కడిగినావా?" యని యడుగుచున్నాడు. ఆ మాట వినినప్పుడెల్ల నాకు సిగ్గును, సంతోషమును కలుగుచున్నవి.