అడ్డుపడితేనే పద్యం

అష్టావధానం వేదిక మీద కవి ఒక్కడే. ఆయనకు అడ్డం పడటానికి మాత్రం ఎనిమిది మంది పృచ్ఛకులు. ఆ అడ్డంకుల్లోంచే పద్యం ఎలా పుడుతుంది? వాదన అంటే అరుపులే అనుకునే ఈ రోజుల్లో ఆ వేదిక నుంచి నేర్చుకోవలసింది చాలానే ఉంది.

ఒకాయన, అవధాని పలకబోయే అక్షరాన్ని ముందే పసిగట్టి అది వద్దంటాడు. ఇంకొకాయన అర్థం పర్థం లేని పాదం ఒకటి విసిరి, దీన్ని పద్యంగా పూరించమంటాడు. వేరొకరు పద్యానికి ఏమాత్రం పొసగని నాలుగు మాటలిచ్చి, వీటితో భారతార్థంలో పద్యం చెప్పమంటారు. మధ్యమధ్య ఎవరో టంగుమని గంట కొడతారు, చివర్లో ఎన్ని గంటలు పడ్డాయో చెప్పాలి. ఇవన్నీ చాలవన్నట్టు పక్కనే కూర్చున్న అప్రస్తుత ప్రసంగి, ‘అవధానిగారూ, ఇంత ధారణ ఉంది కదా, ఇంటి తాళంచెవి ఎక్కడ పెట్టారో ఎప్పుడైనా గుర్తుంటుందా?’ అని అడుగుతాడు. సభ గొల్లుమంటుంది. అవధాని కూడా నవ్వి, దానికో చమత్కారం అప్పజెప్పి, ఆగిన పాదం దగ్గరికి మళ్లీ వస్తాడు.

చూడ్డానికి ఇది ఒక మనిషి మీద ఎనిమిది మంది దాడి. కాసేపు జాగ్రత్తగా గమనిస్తే ఆ తొమ్మిది మందీ కలిసి చేస్తున్న పని అని తెలుస్తుంది.

వద్దన్న అక్షరం

అవధానంలో నాకు అన్నిటికన్నా ఇష్టమైన అంశం నిషిద్ధాక్షరి. ఎక్కువగా కందపద్యంలో చేయిస్తారు. సరస్వతి మీద పద్యం అడిగారనుకుందాం. పాదం నడుస్తుండగా అవధాని ‘భా’ అన్నాడు. ‘భారతి’ రాబోతోందని గ్రహించిన పృచ్ఛకుడు ‘ర వద్దు’ అంటాడు. అవధాని క్షణం ఆగి ‘ష’ అంటాడు. దేవత పేరు చెప్పబోయిన పద్యం కాస్తా ఇప్పుడు భాష గురించి మాట్లాడక తప్పదు. పృచ్ఛకుడు మళ్లీ ఆలోచనలో పడతాడు. భాషకా, భాషలా? ఏది మూయాలి?

ఇక్కడ పృచ్ఛకుడి పని తేలికేమీ కాదు. ఎదుటివాడు ఎటు వెళ్లబోతున్నాడో తెలియకుండా అడ్డుకోలేడు. అది తెలియాలంటే ఆ పద్యాన్ని ఆయనా లోలోపల కట్టుకుంటూ ఉండాలి. కందంలో బేసి గణంగా జగణం పడదనీ, ఆరో గణంలో నలమో జగణమో ఉండి తీరాలనీ, ఇక్కడ లఘువే పడుతుందనీ లెక్క తెలిసి ఉండాలి. ఛందస్సు రానివాడు నోటికొచ్చిన అక్షరం వద్దంటే అవధానికి చీమ కుట్టినట్టు కూడా ఉండదు, అటు వెళ్లే ఉద్దేశమే ఆయనకు లేదు కనుక. అందుకే మంచి నిషిద్ధాక్షరి పృచ్ఛకులు చాలామటుకు తామూ పద్యం చెప్పగలవారే అయి ఉంటారు.

ఈ ఆటలో ఒక మర్యాద కూడా ఉంది. యతి, ప్రాస పడే చోట నిషేధం పెట్టరు. అక్కడ ఏ అక్షరం రావాలో ఛందస్సే నిర్ణయిస్తుంది, దాన్నీ వద్దంటే పద్యమే ఆగిపోతుంది. పృచ్ఛకుడి పని అవధానికి దారి మళ్లించడం, దారి లేకుండా చేయడం కాదు. టీవీ చర్చల్లో కూర్చునే మన పెద్దలకు ఈ ఒక్క నియమం పెట్టి చూడాలి. సగం మందికి మాట్లాడటానికి ఏమీ మిగలదు.

మూడు ప్రశ్నలు, ఒక జవాబు

సమస్యాపూరణం తీరు వేరు. ‘రాముని తమ్ముడు రావణుడు’ అనే అర్థంలో ఒక పాదం ఇచ్చారనుకోండి. వినగానే తప్పని తెలుస్తోంది. అవధాని దాన్ని ఖండించడు, కాదనడు. మీద మూడు పాదాల్లో మూడు ప్రశ్నలు వేస్తాడు. సీత ఎవరి ఇల్లాలు? లక్ష్మణుడు ఆయనకు ఏమవుతాడు? లంకను ఏలినవాడెవడు? ఇప్పుడు నాలుగో పాదం చదవండి. రాముని, తమ్ముడు, రావణుడు. పృచ్ఛకుడిచ్చిన మాటలో అక్షరం మారలేదు. దీన్ని క్రమాలంకారం అంటారు. పదాన్ని విరవడం, మూడో పాదం చివరి అక్షరాన్ని నాలుగో పాదానికి తగిలించడం వంటి ఉపాయాలూ ఉన్నాయి. ‘అని మూర్ఖుడు పలికెను’ అంటూ సమస్యను ఎవరో తెలివితక్కువవాడి నోట్లో పెట్టి తప్పుకోవడం కూడా ఉంది. రసజ్ఞులు దానికి పెద్దగా చప్పట్లు కొట్టరు. ఎదుటివాడి మాటను వెర్రిమాటగా తోసిపారేస్తే పూరించినట్టు ఎలా అవుతుంది?

పొసగని మాటలిచ్చే దత్తపదిలో ‘కారు’ అనే మాట ఇస్తే అవధాని చేతిలో అది కారుచీకటి అవుతుంది, లేదా ‘వారు బంధువులు కారు’ అన్నచోట ఒదిగిపోతుంది. ఒంటరిగా కూర్చుని రాసుకునే కవికి ఆ మాట తట్టడానికి కారణమే లేదు.

చివరికి ధారణ. ఒక్కో చుట్టుకు, అంటే ఆవృత్తికి, ఒక పాదం చొప్పున తునకలుగా చెప్పిన పద్యాలన్నిటినీ, ఏ పృచ్ఛకుడు ఏమడిగాడో గుర్తుచేస్తూ వరసగా అప్పజెప్పాలి. పద్యాలు ఎంత బాగున్నా ధారణ తప్పితే అవధానం దెబ్బతిన్నట్టే. అడిగినవాడి మాట మరిచిపోయినవాడికి ఈ విద్యలో మార్కులు లేవు.

వేదిక దిగాక

ఈ విద్యకు తెలుగునాట ఊరూరా పేరు తెచ్చినవారు తిరుపతి వేంకట కవులు. దివాకర్ల తిరుపతి శాస్త్రి 1872లో, చెళ్లపిళ్ల వేంకట శాస్త్రి 1870లో పుట్టారు. ఇద్దరూ చర్ల బ్రహ్మయ్య శాస్త్రి దగ్గర చదువుకున్నారు. ఆత్మకూరు, గద్వాల, వెంకటగిరి వంటి సంస్థానాల్లో అవధానాలు చేశారు. ఏది రాసినా ఇద్దరి పేరు మీదే. ఊరూరా నాటకాల్లో పాడుకున్న పాండవోద్యోగ విజయాల పద్యాలూ అంతే. తిరుపతి శాస్త్రి పోయాక కూడా వేంకట శాస్త్రి జంట పేరు విడిచిపెట్టలేదు. ఆయన 1950 దాకా బతికారు.

అయితే వేదిక మీద పృచ్ఛకుల అడ్డంకులన్నిటినీ నవ్వుతూ తీసుకున్న ఈ కవులే వేదిక దిగాక హోరాహోరీ తగాదాల్లో దిగారు. కొప్పరపు సోదర కవులతో ఒక రగడ. వేంకట రామకృష్ణ కవులతో ఇంకొకటి. ఆ రెండో తగాదాలో ఇటు నుంచి ‘గీరతం’, అటు నుంచి ‘శతఘ్ని’ వంటి పుస్తకాలే వెలువడ్డాయి. పాండిత్యానికి ఏ పక్షంలోనూ కొదవ లేదు. కానీ అక్కడ యతిస్థానాన్ని విడిచిపెట్టే మర్యాద లేదు, ఎదుటివారి మాటను ఉన్నదున్నట్టు అప్పజెప్పే ధారణ లేదు. సాహిత్య చరిత్ర రాసేవారు తప్ప వాటిని ఇవాళ ఎవరు తెరుస్తున్నారు? ఉద్యోగ విజయాల పద్యాలు మాత్రం బడి ముఖం చూడనివాళ్లు కూడా రాగం తీసి పాడారు. కవులు వాళ్లే, భేదాభిప్రాయాలకు కట్టుబాటు ఉన్నచోట ఒక ఫలితం, లేనిచోట మరొకటి.

శాస్త్రవేత్తల్లోనూ ఇలాంటి కట్టుబాటు పెట్టుకున్నవారు ఉన్నారు. నోబెల్ అందుకున్న మనస్తత్వ శాస్త్రవేత్త డేనియల్ కానెమన్ నిపుణుల అంతఃస్ఫురణను అనుమానించేవారు. అగ్నిమాపక దళాల అధికారులను గమనించిన గ్యారీ క్లైన్ దాన్నే మెచ్చుకునేవారు. వ్యాసాల్లో కొట్టుకోవడం మాని ఇద్దరూ కొన్నేళ్లు కలిసి పనిచేశారు. 2009లో ఉమ్మడిగా పత్రం వెలువరించి, విభేదించడంలో విఫలమయ్యామని ఉపశీర్షికలోనే చమత్కరించారు. పరిసరాల్లో ఒక క్రమం ఉండి, తన తప్పొప్పులు తనకు తెలిసేలా దీర్ఘకాలం సాధన చేసినవాడి స్ఫురణను నమ్మవచ్చని తేల్చారు. ఎవరికి వారు పట్టుబట్టి ఉంటే ఈ మాట ఇంత స్పష్టంగా వచ్చేది కాదు.

ఎవరు అడగాలి?

అవధానాన్ని నెత్తిన పెట్టుకోవడం నా ఉద్దేశం కాదు. ఇది కవిత్వం కాదు, గారడీ అన్నవాళ్లు మొదటి నుంచీ ఉన్నారు. వారి మాటలో కొంత నిజం లేకపోలేదు. అవధాన పద్యాల్లో ఎక్కువ భాగం ఆ సాయంత్రంతోనే సరి. అంతకంటే పెద్ద లోపం మరొకటి ఉంది. చాలాకాలం ఆ తొమ్మిది ఆసనాల్లోనూ కూర్చున్నవారు దాదాపు ఒకే రకం చదువు చదివిన ఒకే వర్గం మగవారు. వినుకొండలో ఒక అవధాన సభలో కవి జాషువా పద్యాలు చదివితే, ఈయన్ని సభలోకి ఎందుకు రానిచ్చారని కులం పేరుతో కొందరు అవమానించారు. అక్షరం వద్దనడం ఆట. మనిషినే వద్దనడం ఆట కాదు. ఎనిమిది దిక్కుల నుంచి ప్రశ్నలు రావాలని పెట్టుకున్న విద్య, ఊళ్లో సగానికి పైగా మనుషులకు తలుపు మూసి కూర్చోవడం దాని చరిత్రలో మచ్చే.

ఇప్పుడు కొంత మారింది. బులుసు అపర్ణ వంటి మహిళలు అవధానులుగా నిలబడ్డారు. విదేశాల్లోని తెలుగువారు తెరల మీద ఒకచోట చేరి అవధానాలు జరుపుకుంటున్నారు. దత్తపదిలో సాఫ్ట్‌వేర్ మాటలూ వస్తున్నాయి. అయినా పృచ్ఛకుల వరస చూస్తే చేయాల్సింది ఇంకా చాలా ఉంది. సభలు జరిపించే సాహితీ సంస్థలు అవధానిని ఎంచుకోవడంలో చూపే శ్రద్ధలో సగమైనా పృచ్ఛకులను ఎంచుకోవడంలో చూపాలి. ఒక మగ్గం నేసే ఆయనో, ఒక నర్సమ్మో, పద్యం మీద ప్రేమున్న ఆటో డ్రైవరో వర్ణనాంశం ఇస్తే అవధాని కూడా కొత్తగా ఆలోచించక తప్పదు.

మీ ఊళ్లో ఈసారి అష్టావధానం జరిగితే వెళ్లండి. ఛందస్సు రాకపోయినా ఫర్వాలేదు. అందరూ అవధాని ముఖం చూస్తుంటారు. మీరు కాసేపు నిషిద్ధాక్షరి అడిగేవారి పెదవులు చూడండి. పద్యం అక్కడ కూడా తయారవుతూ ఉంటుంది.