సంతకం పెట్టే ముందు అడగండి

ఆపరేషన్‌కు గానీ, ముక్క పరీక్షకు గానీ ముందు నర్సు ఒక ఫారం తెస్తుంది. "ఎక్కడ పెట్టమంటే అక్కడ పెడతామమ్మా" అని చాలామంది చదవకుండానే వేలిముద్ర వేస్తారు. ఆ కాగితం విలువ తెలియాలంటే ఒక తల్లి సంగతి వినాలి.

హెన్రియెట్టా లాక్స్

ఈమె అమెరికాలోని నల్లజాతి స్త్రీ, ఐదుగురు బిడ్డల తల్లి. 1951లో గర్భాశయ ముఖద్వార క్యాన్సర్‌తో బాల్టిమోర్‌లోని జాన్స్ హాప్కిన్స్ ఆసుపత్రికి వచ్చింది. చికిత్స చేస్తూ డాక్టర్లు గడ్డ నుండి చిన్న ముక్క తీసి పరిశోధనకు ఇచ్చారు. ఆమెను అడగలేదు. ఆ అక్టోబరులో 31 ఏళ్లకే ఆమె చనిపోయింది. ఆమె కణాలు మాత్రం ల్యాబులో పెరుగుతూనే ఉన్నాయి. వాటికి హీలా కణాలని పేరు. పోలియో టీకాను పరీక్షించడానికి అవి ఉపయోగపడ్డాయి. కంపెనీలు వాటిని అమ్ముకున్నాయి. ఇంటివారికి ఈ సంగతి 1970లలో గానీ తెలియలేదు. 2023లో ఒక కంపెనీతో ఆ కుటుంబానికి రాజీ కుదిరింది.

మేలే జరిగింది కదా?

నిజమే. అడిగి ఉంటే ఆమె సంతోషంగా ఇచ్చేదేమో! కానీ అడగకుండా తీసుకున్నది దానం కాదు. మన దేహం దేవుని ఆలయమని పౌలు కొరింథీ సంఘానికి రాశాడు. బీదవారి దేహమూ ఆలయమే.

ఈ రోజుల్లో రక్తపు చుక్కతో జన్యువులను చదువుతున్నారు. సికిల్ సెల్ జబ్బుకు జన్యువును సవరించే చికిత్సను 2023లో బ్రిటన్, అమెరికా అనుమతించాయి. ఇది గొప్ప మేలు. అయితే జన్యు పరీక్ష మీతోపాటు మీ బిడ్డల సంగతి కూడా చెబుతుంది. అందుకే అడిగి తెలుసుకోవడం మరింత అవసరం.

మీరు గుర్తుంచుకోవలసినవి

1. ఏమి తీస్తున్నారు? చికిత్సకా, పరిశోధనకా? అని అడగండి.

2. పరిశోధనకైతే వద్దనవచ్చు, మధ్యలో మానుకోవచ్చు. అందువల్ల మీ వైద్యం ఆగకూడదు.

3. ఫారం మీకు తెలిసిన భాషలో ఉండాలి. పరిశోధనలో చదువు రానివారికి, దానితో సంబంధం లేని సాక్షి ఎదుట వివరించాలి. ఆ తరువాతే వేలిముద్ర.

4. పరీక్షకని మత్తు ఇచ్చిన ఒక మహిళకు తల్లి అనుమతితో గర్భసంచి తీసేశారు. ఆ అనుమతి చెల్లదని 2008లో సుప్రీంకోర్టు చెప్పింది. ప్రాణాపాయం లేనప్పుడు మీ బదులు ఇంకొకరి మాట చాలదు.

ఇది చదివి ముక్క పరీక్షకు భయపడకండి. క్యాన్సర్‌ను తొలిదశలో గుర్తించడానికి అది ఎంతో అవసరం. డాక్టరుగారు కోప్పడతారేమోనని జంకకండి. అర్థమయ్యేలా చెప్పడం మా బాధ్యత.