ఎన్నిసార్లు ఓడినా దిగిపోని జట్టు

లాహోర్‌లో పుట్టి, 16 ఏళ్లకే అమెరికా వెళ్లి, గంటకు 1.20 డాలర్లకు గిన్నెలు కడిగిన షాహిద్ ఖాన్ కార్ల బంపర్ల వ్యాపారంలో కోట్లు గడించారు. 2012 జనవరిలో ఫ్లోరిడాలోని జాక్సన్‌విల్ జాగ్వార్స్‌ను కొన్నారు. ఇది మనకు తెలిసిన ఫుట్‌బాల్ కాదు. కోడిగుడ్డు లాంటి బంతిని చేత్తో పట్టుకుని పరుగెత్తే, విసిరే ఆట.

అప్పట్నుంచి ఎక్కువగా ఓటములే. తొలి ఐదు సీజన్లలో 80 మ్యాచ్‌లు ఆడితే గెలిచినవి 17. 2017 సీజన్‌లో మాత్రం సూపర్ బౌల్ గడప దాకా వెళ్లి, న్యూ ఇంగ్లండ్ చేతిలో 24-20తో ఓడింది. 2020లో మరీ ఘోరం: మొదటి మ్యాచ్ గెలిచి, మిగతా 15 వరసగా పోగొట్టుకుంది. ఆ వరస 20 దాకా సాగి, 2021 అక్టోబర్‌లో లండన్‌లో మయామిపై గెలుపుతో తెగింది.

మరి ఇంత ఓడినా జట్టు ఎలా నిలిచింది? ఖాన్‌దే అయిన లండన్ సాకర్ క్లబ్ ఫుల్హమ్ 2014లో కింది డివిజన్‌కి పడిపోయింది. ఎన్ఎఫ్ఎల్‌లో ఆ భయమే లేదు. జాతీయ టీవీ హక్కుల సొమ్ము 32 జట్లకూ సమానంగా పంచుతారు. పైగా అట్టడుగున నిలిచిన జట్టుకే కాలేజీ ఆటగాళ్లలో మొదటి ఎంపిక. అలా దొరికినవాడే ట్రెవర్ లారెన్స్.

అతనొచ్చాక కూడా తొలి ఏడాది గెలిచింది 3 మ్యాచ్‌లే. 2023 జనవరిలో చార్జర్స్‌తో ప్లేఆఫ్‌లో మొదటి సగంలోనే అతను బంతిని నాలుగుసార్లు ప్రత్యర్థుల చేతిలో పెట్టాడు. స్కోరు 0-27. ఆ మ్యాచ్‌నే 31-30తో గెలిపించాడు.