కాలానికి కళ్ళెం వేసిన యంత్రం

కకుద్మి అనే రాజు తన కూతురు రేవతికి తగిన వరుడెవరో బ్రహ్మదేవునే అడుగుదామని, ఆమెను వెంటబెట్టుకొని సత్యలోకానికి వెళ్ళిన కథ భాగవతం నవమ స్కంధంలో ఉన్నది. అక్కడ గంధర్వ గానం జరుగుతున్నది. అది ముగిసేదాకా క్షణకాలం ఆగి రాజు తన మనసులోని మాట విన్నవించాడు. బ్రహ్మ నవ్వాడు. రాజు తలచుకొని వచ్చిన వరులే కాదు, వారి కొడుకుల, మనుమల పేర్లయినా భూమిమీద వినరావడం లేదనీ, ఇరువదియేడు మహాయుగాలు గడచిపోయినవనీ చెప్పాడు.

కకుద్మి కాలాన్ని దాటిన మాట నిజమే. కాని దాటాలని దాటలేదు. దాటినట్లు ఆయనకు తెలియను కూడా తెలియదు. 1819లో అమెరికా రచయిత వాషింగ్టన్ ఇర్వింగ్ సృష్టించిన రిప్ వాన్ వింకిల్ కూడా అంతే. కొండమీద పడి ఇరవై ఏళ్ళు నిద్రపోయి లేచాడు. వరమో, శాపమో, నిద్రో మనిషిని మోసుకుపోయేవే గాని, పగ్గం అతని చేతిలో ఉండేది కాదు.

ఆ పగ్గం మనిషి చేతికి ఇచ్చిన కథగా లోకం గుర్తుంచుకొన్నది 1895లో వెలువడిన హెచ్. జి. వెల్స్ నవల ‘టైమ్ మెషీన్’ను. కాలంలో ప్రయాణించే వాహనాన్ని వెల్స్ కంటె ముందే, 1887లో, స్పెయిన్ రచయిత ఎన్రికే గాస్పర్ ఊహించాడు. అయినా కీర్తి వెల్స్‌నే వరించింది. అది అన్యాయం కాదు. ఆయన యంత్రాన్ని చూస్తే కారణం బోధపడుతుంది.

నికెల్, దంతం, స్ఫటికం కలిపి కట్టిన చట్రం, కూర్చోవడానికి ఒక జీను, రెండు మీటలు. ఒక మీట ముందుకు, మరొకటి వెనుకకు. ఎదుట దినాలను, వేల దినాలను, లక్షల, కోట్ల దినాలను లెక్కించే ముళ్ళు. ఇందులో మంత్రం ఎంత ఉన్నదో చెప్పలేం గాని, లెక్క మాత్రం తప్పలేదు. పొడవు, వెడల్పు, ఎత్తు అనే మూడింటికి తోడు కాలం నాలుగవ కొలత అని యాత్రికుడు మిత్రులకు వివరిస్తాడు. ఐన్‌స్టీన్ సాపేక్ష సిద్ధాంతం వెలువడడానికి అప్పటికి ఇంకా పదేళ్ళున్నది. యాత్రికుడు బయలుదేరినప్పుడు ఇంటిపనులు చూసే ఆమె గది దాటుతూ ఉంటుంది; అతని కంటికి ఆమె తారాజువ్వలా దూసుకుపోయినట్లు తోస్తుంది. తిరిగి వచ్చేటప్పుడు అదే క్షణం మళ్ళీ ఎదురై, ఆమె వెనుకకు నడిచినట్లు కనిపిస్తుంది. యంత్రం బయలుదేరింది గదిలో ఒక మూలనుండి, వచ్చి నిలిచింది ఎదుటి మూలలో. ఎందుకు? భవిష్యత్తులో దానిని ఎవరో దొంగిలించి కొంతదూరం ఈడ్చుకుపోయారు. సరిగా అంత దూరమే ఇక్కడా జరిగింది. గణితం చెప్పే ఉపాధ్యాయులు ఈ చిన్న ఘట్టాన్ని తరగతిలో ఒక లెక్కగా ఇచ్చి చూడవచ్చు!

యాత్రికుడు చేరినది 8,02,701వ సంవత్సరం. పూలతోటల నడుమ ఆడుకొనే సుకుమారులైన ఈలోయ్‌లు కనిపించారు. పని లేదు, భయం లేదు, చదువూ లేదు. స్వర్గమే అనుకొన్నాడు. తర్వాత పొడి బావులు కనిపించాయి; లోపలనుండి యంత్రాల చప్పుడు. భూగర్భంలో, చీకటిలో, మోర్లాకులు అనే తెల్లని జీవులు పాటుపడుతున్నవి. పై వారికి బట్టలూ వస్తువులూ సమకూర్చేది అవే. రాత్రివేళ పైకి వచ్చి వారిని తినేదీ అవే. ఒకనాటి యజమానులూ, ఒకనాటి శ్రామికులూ లక్షల ఏళ్ళు విడివిడిగా బ్రతికి రెండు జాతులై పోయారని యాత్రికుడు ఊహించాడు.

వెల్స్ ఇదంతా ఎక్కడ చూశాడు? ఆయన తల్లి సస్సెక్స్‌లోని అప్పార్క్ అనే జమీందారీ భవనంలో సేవకుల అజమాయిషీ చూసేది. ఆ భవనంలో సేవకుల నివాసం నేల మట్టానికి దిగువన. వంటశాలకూ, గుర్రపుశాలకూ పోవడానికి సొరంగమార్గాలు. పై వారి కంట పడకుండా సేవకులు తిరగడానికి ఏర్పాటు అది. బట్టల దుకాణంలో పని నేర్చుకొంటూ కష్టపడిన కుర్రవాడు ఆ మెట్లు ఎన్నిసార్లు ఎక్కి దిగాడో! ఎనిమిది లక్షల ఏళ్ళు పరుగెత్తిన యంత్రం తిరిగి తిరిగి ఆ సొరంగం ముందే ఆగింది.

1888లో, కళాశాల పత్రికలో, ఇరవయ్యొక్కేళ్ళ వయస్సులో వెల్స్ ఒక కాలయాత్ర కథ వ్రాశాడు. అందులో యంత్రం ఉన్నది గాని ఈ సొరంగం లేదు. ఏడేళ్ళు తిరగవ్రాస్తే గాని అది కథలోకి రాలేదు.

నవలలో మనసును కలచే ఘట్టం మోర్లాకులది కాదు. పచ్చని పింగాణీ భవనమొకటి ఉన్నది. పూర్వకాలపు వస్తుప్రదర్శనశాల అది. అందులో గోడలనుండి నల్లని పీలికలు వేలాడుతున్నవి. దగ్గరకు పోయి చూస్తే అవి శిథిలమైన పుస్తకాల అవశేషాలు. అచ్చు ఎన్నడో చెరిగిపోయింది. చదివేవారు లేకపోయాక గ్రంథాలు ఏమౌతవో ఇంత క్లుప్తంగా చూపిన రచన అరుదు.

తెలుగువారికి కాలయంత్రం అనగానే 1991లో సింగీతం శ్రీనివాసరావు తీసిన ‘ఆదిత్య 369’ గుర్తుకు వస్తుంది. మన వేడుక ముందుగా రాయలవారి కొలువు చూడడం. వెల్స్ యాత్రికుడు వెనుకకు వెళ్ళిన ముచ్చటే చెప్పడు. విజ్ఞానశాస్త్రమూ ఇంతవరకు ఆ దిక్కుకు దారి చూపలేదు. ముందుకు మాత్రం కొంచెం చోటిచ్చింది. 1971లో విమానాలలో భూమిని చుట్టివచ్చిన పరమాణు గడియారాలకూ, నేలమీది గడియారాలకూ సెకనులో వందల కోట్లవ వంతుల తేడా వచ్చింది. కకుద్మి విన్న పాట ముందు అది ఏపాటిది!

యాత్రికుడు చెప్పినదానిని మిత్రులు నమ్మలేదు. అతడు జేబులోనుండి వాడిన తెల్లని పూలు రెండు తీసి బల్లమీద పెట్టాడు. వైద్యుడు దీపం దగ్గర పరీక్షించి, అవి ఏ కుటుంబానికి చెందినవో తేల్చలేక, తనకిమ్మని అడిగాడు. యాత్రికుడు ఇవ్వలేదు. మరునాడు ఛాయాచిత్రాల పెట్టె పుచ్చుకొని మళ్ళీ జీనెక్కాడు. మూడేళ్ళు గడిచినా తిరిగి రాలేదు. ఈసారి ఏ మీట నొక్కాడో వెల్స్ చెప్పలేదు.