ఏ బట్టకు ఎంత వేడి?

మోకాలు దోక్కుపోయి బడి నుంచి వచ్చిన పిల్లాడి తెల్లచొక్కా మీద రక్తపు మరక కనిపిస్తే చాలా ఇళ్లలో వెంటనే చేసే పని గీజర్ వేయడం. బకెట్లో వేడివేడి నీళ్లు పట్టి, గుప్పెడు సర్ఫు వేసి చొక్కాను ముంచేస్తారు. వేడికి వదలని మురికి ఉండదని నమ్మకం. అరగంట తర్వాత చూస్తే ఎర్రటి మరక కాస్తా గోధుమరంగుకు తిరిగి అక్కడే పాతుకుపోయి ఉంటుంది. రక్తంలో ఉన్నవి మాంసకృత్తులు మరి. వేడి తగిలితే కోడిగుడ్డు సొన గట్టిపడినట్టే అవీ గడ్డకట్టి దారాల సందుల్లో బిగుసుకుంటాయి. అదే చొక్కాను వచ్చీ రాగానే కుళాయి కింద పెట్టి చన్నీళ్లతో నలిపి ఉంటే, సబ్బు అవసరం రాకముందే చాలా వరకు పోయేది. పాలు, గుడ్డు, పసిపిల్లలు కక్కిన మరకలకూ ఇదే వరస. ముందు చన్నీళ్లు, తర్వాత సబ్బు, వేడి అన్నిటికన్నా చివర.

నూనె, నెయ్యి దగ్గర లెక్క తిరగబడుతుంది. కొబ్బరినూనె 24, 25 డిగ్రీల దగ్గరా, నెయ్యి 30 దాటాకా కరుగుతాయి. చలికాలం ఉదయం చన్నీళ్లలో ఉతికితే పేరుకున్న నెయ్యి బట్టను పట్టుకునే ఉంటుంది. కాలరుకు, చేతిపట్టీలకు పట్టే ఒంటి జిడ్డు కూడా అంతే. వీటికి 40 డిగ్రీల నీళ్లు సరిపోతాయి. అంటే చెయ్యి పెడితే వెచ్చగా తగలాలి గానీ చురుక్కుమనకూడదు.

ఇక మన వంటింటి అసలు శత్రువు పసుపు. పప్పు ఒలికిన చోట సబ్బు రుద్దగానే పచ్చటి మరక ఎర్రబడటం ఎరగని ఇల్లాలు ఉండదు. కొందరు కంగారుపడి ఇంకా గట్టిగా రుద్దుతారు. పసుపులోని కర్కుమిన్ అనే రంగు పదార్థానికి క్షారం తగిలితే ఎర్రబడే గుణం ఉంది, సబ్బు క్షారం, అంతకుమించి ఏమీ లేదు. జాడిస్తే మళ్లీ పచ్చబడుతుంది. కర్కుమిన్ నీళ్లలో సరిగా కరగదు, నూనెలో కరుగుతుంది. కాబట్టి గోరువెచ్చని నీళ్లలో ఉతికి నూనెను వదిలించడం వరకే మన పని. మిగిలిన పచ్చదనాన్ని ఎండ చూసుకుంటుంది. వెలుతురు తగిలితే కర్కుమిన్ విరిగిపోతుంది. ఎంత వేడి నీళ్లూ చేయలేని పనిని దండెం మీద రెండు మధ్యాహ్నాలు చేసిపెడతాయి.

ఉతుకుడులో వేడి ఒక్కటే పనిచేయదన్న సంగతిని 1959లో జర్మనీలోని హెంకెల్ సంస్థలో పనిచేసిన హెర్బర్ట్ సిన్నర్ ఒక చక్రం గీసి చూపించాడు. రసాయనం, రాపిడి, వేడి, సమయం ఈ నాలుగూ అందులో భాగాలు. ఒకటి తగ్గిస్తే మిగిలినవి పెంచాలి. మన చాకిరేవు ఈ నాలుగింటినీ ఎప్పటి నుంచో వాడుతోంది. చౌడు మట్టి రసాయనం, బండ రాపిడి, పొయ్యి మీది బాన వేడి, నానబెట్టడం సమయం. సబ్బుపొడి లేని రోజుల్లో ముతక నూలు బట్టను తెల్లగా చేయాలంటే ఉడకబెట్టక తప్పేది కాదు.

ఇప్పుడా అవసరం తగ్గడానికి కారణం ఎంజైములు. 1913లోనే జర్మన్ రసాయన శాస్త్రవేత్త ఒట్టో రోమ్ జంతువుల క్లోమం నుంచి తీసిన ఎంజైములను ఉతికే పొడిలో కలిపే పద్ధతికి పేటెంట్ తీసుకున్నాడు. నేటి మంచి డిటర్జెంట్లలో మాంసకృత్తులను కోసేది ఒకటి, గంజినీ పిండినీ విరగ్గొట్టేది ఒకటి, కొవ్వు పనిపట్టేది ఒకటి ఉంటాయి. ఇవి ఎక్కువగా 30 నుంచి 50 డిగ్రీల మధ్య చురుగ్గా ఉంటాయి. 60 దాటి మరుగుకు దగ్గరైతే దెబ్బతింటాయి. ఎక్కువ ధర పెట్టి ఎంజైములున్న పొడి కొని, దాన్ని సలసల కాగే నీళ్లలో పోయడం డబ్బు దండగ.

కరెంటు సంగతీ చూడాలి. ఫ్రంట్ లోడ్ మెషిన్ ఉతుకుకు 15 లీటర్ల నీళ్లు తీసుకుందనుకుందాం. వాటిని 25 డిగ్రీల నుంచి 40కి తేవడానికి పావు యూనిట్ చాలు. 60కి తేవాలంటే 0.6 యూనిట్, 95కి 1.2 యూనిట్లు. డ్రమ్ము, బట్టలు వేడెక్కడానికి అయ్యేది దీనికి అదనం. వేడి నీళ్లతో ఉతికినప్పుడు డ్రమ్ము తిప్పే మోటారు కంటే హీటరే ఎక్కువ తింటుంది. ఎండాకాలం మధ్యాహ్నం డాబా మీది నల్ల ట్యాంకు నీళ్లు ఎలాగూ 40 దగ్గరికి చేరతాయి. ఆ పూట హీటర్ ఊసే అక్కర్లేదు. షికాగోలో ఉండే తెలుగువాళ్లకు మాత్రం ఇది కుదరదు. అక్కడ జనవరిలో కుళాయి నీళ్లు గడ్డకట్టడానికి కాస్త పైన ఉంటాయి, అందులో పొడి సరిగా కరగక ముదురురంగు బట్టల మీద తెల్లటి చారలుగా మిగులుతుంది. ‘కోల్డ్’ మీట నొక్కేవాళ్లు అక్కడ ద్రవ డిటర్జెంట్ వాడటం మంచిది. జపాన్‌లో చాలా ఇళ్లవాళ్లు స్నానాల తొట్టిలో మిగిలిన వెచ్చని నీళ్లనే చిన్న పంపుతో మెషిన్‌లోకి తోడుకుంటారు. పొదుపు అంటే అదీ.

వేడి తగ్గిస్తే బట్టకూ మేలే. ఇంగ్లండ్‌లోని లీడ్స్ విశ్వవిద్యాలయ పరిశోధకులు 2020లో 25 డిగ్రీల్లో అరగంట ఉతుకును 40 డిగ్రీల్లో 85 నిమిషాల ఉతుకుతో పోల్చి చూశారు. చల్లని, పొట్టి ఉతుకులో రంగు దిగడమూ, సన్నని పోగులు రాలడమూ బాగా తగ్గాయి. పోచంపల్లి ఇక్కత్, పెడన కలంకారీ కొన్నవాళ్లు మొదటి రెండు మూడుసార్లు చన్నీళ్లలో విడిగా ఉతకాలి. ఉన్నిని వేడి నీళ్లలో రుద్దితే కుంచించుకుపోతుంది, ఇక దాన్ని సాగదీసి లాభం లేదు. పట్టు కూడా మాంసకృత్తే గనుక ఎంజైముల పొడి దాన్నీ కొరుకుతుంది. అందుకే ఉతకదగ్గ పట్టుకు చన్నీళ్లూ కుంకుడు రసమూ వాడే పెద్దవాళ్ల పద్ధతికి తిరుగులేదు. జరీ ఉంటే నీళ్ల జోలికే పోకుండా డ్రైక్లీనింగ్‌కు ఇవ్వాలి.

మరి 60 డిగ్రీలు ఎందుకు? దుప్పట్లు, దిండు గలీబులు, తువ్వాళ్లు, జబ్బుపడ్డవాళ్ల బట్టల కోసం. ఉబ్బసం, తుమ్ములు తెప్పించే ధూళి పురుగులు చన్నీళ్లకు చావవు, 60 డిగ్రీలకు చస్తాయి. ఇంట్లో గజ్జి సోకితే వాడిన బట్టలన్నీ కనీసం 50 డిగ్రీలకు పైన పది నిమిషాలు ఉండాలి. హీటర్ లేని టాప్ లోడ్ మెషిన్ ఉన్నవాళ్లు పొయ్యి మీద కాచిన నీళ్లు వాడుకోవచ్చు, పిల్లలను దూరంగా ఉంచి.

అనుమానం వస్తే బట్ట లోపలి కుట్టు దగ్గర చీటీ చూడాలి. నీళ్లతొట్టి బొమ్మలో అంకె ఉంటే అంతకు మించి వేడి పెట్టకూడదు. అంకెకు బదులు చుక్కలుంటే ఒకటి 30, రెండు 40, మూడు 50, నాలుగు 60. తొట్టిలో చెయ్యి ఉంటే చేత్తోనే ఉతకాలి, తొట్టిని కొట్టేసి ఉంటే నీళ్లలో పెట్టకూడదు.

ఎప్పుడూ చన్నీళ్లే వాడేవాళ్లకు ఒక మాట. మెషిన్ రబ్బరు మడతల్లో జిగురు పేరుకుని ముక్కవాసన వస్తుంది. నెలకోసారి బట్టలు వేయకుండా 60 డిగ్రీలపైన ఖాళీగా తిప్పండి. బోరునీళ్ల ఇళ్లలో హీటర్‌కు సున్నం కూడా పడుతుంది, దాన్ని వదిలించే పొడిని కంపెనీ చెప్పిన మోతాదులో, ఆ ఖాళీ తిప్పుడులోనే వేయండి.