ఇఫ్తార్ వేళ ఇంటింటా కనిపించే నటుడు

సౌదీ అరేబియా వాయవ్యాన తబూక్ రాష్ట్రపు ఎడారిలో 2021లో హాలీవుడ్ తారలతో ‘డెజర్ట్ వారియర్’ షూటింగ్ జరిగింది. ఖర్చు 15 కోట్ల డాలర్ల దాకా ఉంటుందని వార్తలొచ్చాయి. ఆ రాష్ట్రంలోనే ఉన్న కొత్త నగర ప్రాజెక్టు నియోమ్‌లో స్టూడియోలు కూడా లేచాయి. కానీ సౌదీ ఇళ్లలో ముప్పై ఏళ్లుగా పాతుకుపోయిన నటుడు నాసర్ అల్ ఖసబి. ఆయన్ని నిలబెట్టింది టీవీ. ‘సినిమాల్లో వేషాలు తగ్గి సీరియల్‌కి వచ్చాడు’ అని మనం అలవాటుగా అనేసే మాట ఎంత అన్యాయమో ఆయన పని చూస్తే తెలుస్తుంది.

1961లో రియాద్‌లో పుట్టి, వ్యవసాయశాస్త్రం చదివిన అల్ ఖసబి 1993లో అబ్దుల్లా అల్ సద్హాన్‌తో కలిసి ‘తాష్ మా తాష్’ మొదలుపెట్టారు. రంజాన్ నెలలో ఇఫ్తార్ వేళకు వచ్చే ఈ హాస్య ధారావాహికలో ఏ రోజు కథ ఆ రోజుదే. ఆ ఇద్దరే మళ్లీ కొత్త మనుషులై వస్తారు. ఆఫీసుల్లో లంచాలు, ఆడవాళ్ల మీద ఆంక్షలు, మతం పేరిట పెత్తనం, దేన్నీ వదల్లేదు. మతపెద్దలు ఫత్వా ఇచ్చినా 2011 దాకా సాగింది. 2015లో ‘సెల్ఫీ’ సీరియల్ వచ్చింది. అందులో ఒక కథలో ఆయన ఐసిస్‌లో చేరిన కొడుకును వెతుక్కుంటూ వెళ్లిన తండ్రి. కొడుకు కోసం తానూ వాళ్లలో ఒకడిలా నటించాల్సిన మనిషి. నవ్వించే ముఖంలో ఆ భయం చూపించడం మాటలు కాదు. ఆ వేషానికి ఆయనకు చంపుతామన్న బెదిరింపులొచ్చాయి.

సౌదీలో 1980ల మొదట్లో మూతపడ్డ థియేటర్లు 2018 ఏప్రిల్‌లో గానీ తెరుచుకోలేదు, వేరే దారిలేకే ఆయన టీవీలో ఉన్నాడని ఎవరైనా అనవచ్చు. సగం నిజమే. కానీ థియేటర్లు తెరిచిన ఆ ఏడాదే ఆయన ‘అల్ ఆసూఫ్’ సీరియల్‌తో మళ్లీ టీవీకే వచ్చారు, 2023లో ‘తాష్ మా తాష్’నూ తిరిగి తెచ్చారు. సినిమాకు కొదవలేని చెకొస్లొవేకియాలో నటుడు మిలోష్ కొపెట్స్కీ సంగతీ అంతే. దర్శకుడు కారెల్ జెమాన్ సినిమాలో కోతలరాయుడు బారన్ ముంచౌసెన్‌గా వెలిగిన ఆయనే 1970ల చివర్లో మొదలైన ఆస్పత్రి సీరియల్లో డాక్టర్ ష్ట్రోస్మాయర్‌గా ఇంటింటి మనిషయ్యారు.

మరి మన సీరియళ్లలో నటన ఎందుకు పలచబడుతుంది? ఏళ్ల తరబడి సాగదీసే కథలో నటుడికి కొత్తగా చేయడానికి ఏమీ మిగలదు. రంజాన్ ధారావాహికకు ఇంచుమించు 30 ఎపిసోడ్లే గనక రచయితకు ముగింపు ముందే తెలుసు. లోపం తెర సైజుది కాదు, కథ కొలతది. మన చానళ్లు ఏడాదికి ఒక్కటైనా 30 ఎపిసోడ్లలో పూర్తయ్యే కథ తీయాలి. శుక్రవారం సినిమాలకు రాసే విమర్శకులు దానికీ సమీక్ష రాయాలి.